వీఆర్ హెడ్‌సెట్ కొనాలా, వద్దా? తరచుగా అడిగే ప్రశ్నలు

మా ఇంట్లో వీఆర్ హెడ్‌సెట్ (వర్చువల్ రియాలిటీ, అంటే తలకు తగిలించుకుంటే వేరే ప్రపంచంలో ఉన్నట్టు చూపించే పరికరం) ఉందని తెలిసినప్పటి నుంచి చుట్టాలు, ఆఫీసువాళ్లు, అపార్ట్‌మెంట్ పిల్లలు తలో ప్రశ్న వేస్తున్నారు. ఒక్కొక్కరికీ విడిగా చెప్పే ఓపిక అయిపోయి అన్నీ ఒకచోట రాసి పెడుతున్నాను. ఇందులో డాలర్లలో ఇచ్చిన ధరలు అమెరికాలో విడుదలైన నాటివి. మీరు కొనే రోజుకు మారి ఉండొచ్చు, ఒకసారి చూసుకోండి.

ఒక్క ముక్కలో చెప్పండి, కొనాలా వద్దా?

వారానికి రెండుసార్లు దాన్ని తలకు పెట్టుకోవడానికి మీ దగ్గర ఒక పని ఉంటే కొనండి. "భలే ఉంటుందట కదా" అనేది పని కిందికి రాదు. "వాకింగ్‌కి వెళ్లడం కుదరట్లేదు, ఇంట్లోనే అరగంట చెమట పట్టాలి" అంటే ఒక పని ఉన్నట్టే. "కారు రేసింగ్ గేమ్స్ కోసం ఇప్పటికే స్టీరింగ్, పెడల్స్ కొనేశాను" అంటారా, మిమ్మల్ని ఆపడం నావల్ల కాదు.

మా ఇంట్లో మొదటి పది రోజులు వంతులేసుకుని ఆడాం. కాఫీకి వచ్చిన ప్రతి చుట్టానికీ బలవంతంగా తగిలించాం. మూడో వారానికి ఛార్జింగ్ పెట్టడం మర్చిపోయాం. నెల తిరిగేసరికి డబ్బాతో సహా బీరువా మీదికెక్కింది. ఆ తర్వాత రెండు నెలలకు మా ఆవిడను డాక్టరు గారు వ్యాయామం చేయమంటే కిందికి దిగింది, ఇప్పటికీ కిందే ఉంది. ఎక్కిందీ దిగిందీ ఆ హెడ్‌సెట్టే. మధ్యలో మాకు దానితో ఒక అవసరం పడింది, అంతే. కాబట్టి కొనే ముందు మొదటి వారం సంగతి వదిలేయండి, మూడో నెలలో ఎవరు, ఏ టైముకి, ఎందుకు పెట్టుకుంటారో ఆలోచించండి. జవాబు తట్టకపోతే ఆ డబ్బు ఉంచుకోండి.

యూట్యూబ్‌లో చూస్తే మామూలు గేమ్‌లాగే ఉంది. పెట్టుకుంటే అంత తేడా ఏముంటుంది?

బిర్యానీ ఫొటో చూసి ఉప్పు సరిపోయిందో లేదో చెప్పగలమా? ఇదీ అంతే.

మా బావమరిది సంగతి చెప్తాను. పెద్ద భవనం అంచు నుంచి గాల్లోకి చాచిన చెక్క మీద నడిచే గేమ్ ఒకటుంది. "ఇదంతా ఉత్తదేగా" అంటూ హెడ్‌సెట్ పెట్టుకున్నాడు. మా హాల్లో టైల్స్ మీద నిలబడి ఉన్నాడు, ఆ సంగతి తనకీ తెలుసు. అయినా అడుగు వేయలేకపోయాడు. కుడికాలి బొటనవేలితో నేలను తడిమాడు. టైల్ చల్లగా తగిలింది, ఊపిరి పీల్చుకున్నాడు, మళ్లీ కిందికి చూశాడు, మోకాళ్లు వణికాయి. చివరికి నా భుజం పట్టుకుని ఒక్క అడుగు వేశాడు. తీశాక చూస్తే అరచేతులు తడిసిపోయి ఉన్నాయి.

దీని వెనక మంత్రమేమీ లేదు. రెండు కళ్లకూ కాస్త తేడాతో రెండు బొమ్మలు చూపిస్తుంది, అందుకే లోతు తెలుస్తుంది. హెడ్‌సెట్ మీది కెమెరాలు, లోపలి సెన్సర్లు మీ తల ఎటు కదిలిందో పసిగడతాయి, దాన్ని బట్టి సెకనుకు 72 నుంచి 120 సార్లు బొమ్మ మారుతుంది. మీరు వంగితే బల్ల కింద ఏముందో కనిపిస్తుంది. మెదడు మోసపోయేది అక్కడే.

ఫోన్ పెట్టి చూసే చవక డబ్బా ముందు కొని చూడనా?

వద్దు. గూగుల్ 2014లో అట్టపెట్టెతో కార్డ్‌బోర్డ్ తెచ్చింది. మన దగ్గర 2023 ఐపీఎల్ టైములో మ్యాచ్‌ని చుట్టూ తిరిగి చూడొచ్చంటూ 1,299 రూపాయలకు జియోడైవ్ వచ్చింది. సరదాకి బాగానే ఉంటాయి. కానీ వాటికి మీరు తల తిప్పడం మాత్రమే తెలుస్తుంది, కదలడం తెలియదు. ఒక అడుగు ముందుకేస్తే కనిపించే ప్రపంచం కూడా మీతోపాటు ముందుకు జరుగుతుంది, దాంతో కడుపులో తిప్పుతుంది. చేతులు అసలే కనబడవు. అది చూసి "వీఆర్ అంటే ఇంతేనా" అనుకున్నవాళ్లు నాకు చాలామంది తెలుసు. శామ్‌సంగ్ గేర్ వీఆర్, గూగుల్ డేడ్రీమ్ కూడా ఫోన్‌తో నడిచినవే. రెండూ మూతపడ్డాయి.

అయితే ఏ మోడల్ తీసుకోవాలి?

మొదటిసారి కొనేవాళ్లకు నేను చెప్పేది మెటా (ఒకప్పుడు ఫేస్‌బుక్ అని పిలిచిన కంపెనీ) చేసే క్వెస్ట్ 3ఎస్. 2024 అక్టోబరులో 299 డాలర్లకు వచ్చింది. కంప్యూటరు అక్కర్లేదు, ఫోన్ లోపల పెట్టక్కర్లేదు, వైర్లు లేవు. దాని అన్న క్వెస్ట్ 3 అంతకు ఏడాది ముందు, 2023 అక్టోబరులో, 499 డాలర్లకు వచ్చింది. రెండింట్లో ఉన్నది ఒకే చిప్పు, స్నాప్‌డ్రాగన్ ఎక్స్ఆర్2 జెన్ 2. గేమ్స్ కూడా అవే.

మరి 200 డాలర్ల తేడా ఎక్కడుందంటే, చాలావరకు లెన్సుల్లో. 3ఎస్‌లో ఉన్నవి ఫ్రెనెల్ లెన్సులు. లెన్సు మీద గుండ్రంగా సన్నటి గీతలుంటాయి. నల్లటి తెర మీద తెల్లటి అక్షరాలు వస్తే చుట్టూ చారల్లాంటి మెరుపు కనిపిస్తుంది. సరిగ్గా మధ్యలోంచి చూస్తేనే స్పష్టంగా ఉంటుంది, అంచులు మసకబారతాయి. క్వెస్ట్ 3లో పాన్‌కేక్ లెన్సులు, అంచుల దాకా తేటగా ఉంటుంది. ఒక్కో కంటికి 3ఎస్ ఇచ్చేది 1832×1920 పిక్సెళ్లు, క్వెస్ట్ 3 ఇచ్చేది 2064×2208. ఎగిరి గంతులేసే గేమ్స్‌లో ఈ తేడా పట్టించుకునే తీరిక ఉండదు. సినిమాలు చూసేవాళ్లకు, ఏదైనా చదివేవాళ్లకు మాత్రం ప్రతి నిమిషం తెలుస్తుంది.

ప్లేస్టేషన్ 5 ఇంట్లో ఉంటే 2023లో వచ్చిన సోనీ హెడ్‌సెట్ పీఎస్ వీఆర్2 గురించి ఆలోచించొచ్చు. తెర ఓఎల్ఈడీ, చీకటి చీకటిలాగే కనిపిస్తుంది. కానీ దానికి వైరు ఉంటుంది, మామూలుగా అయితే పీఎస్5 లేకపోతే పనిచేయదు. 2024 నుంచి సోనీ విడిగా అమ్మే అడాప్టర్‌తో కంప్యూటర్‌కి కూడా తగిలించొచ్చు. ఆపిల్ విజన్ ప్రో 3,499 డాలర్లు, శామ్‌సంగ్ గెలాక్సీ ఎక్స్ఆర్ 1,799 డాలర్లు. ఆ ధర పెట్టేవాళ్లు "కొనాలా వద్దా" అని నన్ను అడగరనుకుంటా.

ఇండియాలో ఎలా కొనాలి? అమెరికా నుంచి తెప్పించుకుంటే నయమా?

మన దగ్గర ఆన్‌లైన్‌లో, గేమింగ్ షాపుల్లో కనిపించే క్వెస్టుల్లో చాలావరకు ప్రైవేటు వ్యాపారులు దిగుమతి చేసుకున్న సరుకు. అంటే అమెరికా ధర మీద కస్టమ్స్ సుంకం, ఆపైన వాళ్ల లాభం. ఆ ధరైనా పర్వాలేదు గానీ వారంటీ ఎవరిస్తున్నారో చూడాలి. "సెల్లర్ వారంటీ" అని రాసి ఉంటే కంపెనీ వారంటీ కాదని అర్థం.

నేను మొదటిది అలాగే కొని దెబ్బ తిన్నాను. ఆరో నెలలో ఎడమచేతి కంట్రోలర్ (గేమ్ నడపడానికి చేత్తో పట్టుకునే, మీటలున్న పిడి) మొండికేసింది. మీట వదిలేసినా గేమ్‌లో మనిషి దానంతటదే పక్కకు నడుచుకుంటూ పోయేవాడు. అమ్మినవాళ్లు మొదట వీడియో పంపమన్నారు, తర్వాత పార్సిల్ పంపమన్నారు, ఆ తర్వాత ఫోన్ ఎత్తడం మానేశారు. చివరికి విడిగా ఒక కంట్రోలర్ కొనుక్కోవాల్సి వచ్చింది.

డల్లాస్‌లోనో న్యూజెర్సీలోనో అన్నయ్యో వదినో ఉంటే వాళ్లు వచ్చేటప్పుడు తెమ్మనడం చవకే. కానీ కొన్ని జాగ్రత్తలున్నాయి. లోపల లిథియం బ్యాటరీ ఉంటుంది కాబట్టి చెకిన్ సూట్‌కేసులో పడేయకుండా చేతి బ్యాగులో తీసుకురమ్మనండి. సుంకం లేకుండా ఎంత విలువైన సామాను తేవొచ్చో ప్రయాణానికి ముందే చూసుకోమనండి. అన్నిటికన్నా ముఖ్యం, వాళ్లు బయల్దేరే ముందు అక్కడే డబ్బా విప్పి, ఆన్ చేసి, గంటసేపు ఆడి చూడాలి. పాడై ఉంటే అక్కడి షాపులో మార్చుకోవచ్చు, ఇక్కడికొచ్చాక ఆ దారి ఉండదు. ఛార్జర్ మన 230 వోల్టుల మీద కూడా పనిచేస్తుంది, పిన్ను మార్చే అడాప్టర్ ఉంటే చాలు.

హెడ్‌సెట్ కొన్నాక ఇంకేం ఖర్చులుంటాయి?

ఉంటాయి. గుర్రం కొన్నాక కళ్లెం కొనక తప్పదుగా. డబ్బాలో వచ్చే గుడ్డ పట్టీతో ఇరవై నిమిషాలకే బుగ్గలు నొప్పి పుడతాయి, అర కిలో బరువంతా ముఖం మీదే వేలాడుతుంది మరి. వెనక గట్టిగా పట్టుకునే స్ట్రాప్ దాదాపు అందరూ కొంటారు. వెనకవైపు బ్యాటరీ ఉన్న స్ట్రాప్ అయితే బరువు రెండువైపులా సరిపోతుంది, రెండు గంటలకు అటూ ఇటూగా అయిపోయే ఛార్జింగ్ కూడా ఇంకాస్త నిలుస్తుంది. ఒక్కో కంట్రోలర్‌కి ఒక ఏఏ బ్యాటరీ కావాలి, రీఛార్జ్ చేసుకునేవి కొనండి. ముఖానికి ఆనుకునే స్పాంజి చెమటకు వారంలోనే వాసనేస్తుంది. తుడిస్తే పోయే సిలికాన్ తొడుగు వేసుకోండి, ముఖ్యంగా నలుగురు వాడే ఇంట్లో.

గేమ్స్ విడిగా కొనాలి. ఫోన్‌లోలాగా అన్నీ ఫ్రీ అనుకోకండి. కంప్యూటర్‌లోని గేమ్స్ వైర్లు లేకుండా ఇందులో ఆడాలనుకుంటే మంచి గ్రాఫిక్స్ కార్డు, 5 గిగాహెర్ట్జ్ వైఫై కావాలి. ఇవన్నీ వేసుకుంటే హెడ్‌సెట్ ధరకు మూడో వంతో, సగమో తోడవుతుంది.

కళ్లు తిరుగుతాయట, వాంతులవుతాయట. నిజమేనా?

కొందరికి నిజమే. తిరుమల ఘాట్ రోడ్డులో బస్సెక్కి ఫోన్ చూస్తే ఏమవుతుంది? శరీరం మలుపు తిరుగుతోందని లోచెవి చెప్తుంది, కదలకుండా ఉన్న అక్షరాలు చూస్తూ కళ్లు లేదంటాయి. మెదడుకు టెన్షన్, కడుపుకు తిప్పుడు. వీఆర్‌లో ఇది తిరగబడుతుంది. కళ్లేమో పరిగెత్తుతున్నామంటాయి, లోచెవేమో నిలబడే ఉన్నామంటుంది. ఫలితం అదే.

అందుకే గేమ్‌ని బట్టి మారుతుంది. బీట్ సేబర్‌లో మీరు ఉన్నచోటే ఉంటారు, పాటకు తగ్గట్టు ఎదురొచ్చే దిమ్మెలను కత్తులతో నరుకుతారు, అంతే. అందులో కళ్లు తిరిగినవాళ్లను నేనింతవరకు చూడలేదు. బొటనవేలితో మీట నొక్కి నడిచే గేమ్స్, రోలర్ కోస్టర్లు, విమానాలు కష్టం. అలాంటి చాలా గేమ్స్‌లో నడవడానికి బదులు ఒక చోటి నుంచి ఇంకో చోటికి దూకే సెట్టింగు ఉంటుంది, మొదట్లో అది పెట్టుకోండి.

మొదటి వారం పది నిమిషాలు మించొద్దు. నుదురు చల్లబడి చెమట పట్టినా, నోట్లో నీళ్లూరినా వెంటనే తీసేయాలి. "కాసేపు ఓర్చుకుంటే అలవాటవుతుంది" అనుకుంటే మాత్రం సాయంత్రం దాకా మంచమే. నేను ఒకసారి అలా మొండిగా ఆడి రాత్రి భోజనం మానేశాను. ఆపి, తేరుకుని, మర్నాడు మళ్లీ మొదలుపెడితే చాలామందికి రెండు మూడు వారాల్లో తగ్గుతుంది. ఎదురుగా టేబుల్ ఫ్యాన్ పెట్టుకోవడం మంచి చిట్కా. గాలి తగులుతుంటే హాయిగా ఉంటుంది, పైగా మనం ఎటు తిరిగి ఉన్నామో ముఖానికి తెలుస్తుంది. కారు ప్రయాణం అస్సలు పడనివాళ్లు మాత్రం తెలిసినవాళ్ల దగ్గర పెట్టుకుని చూడకుండా కొనొద్దు.

మాకు కళ్లజోడు ఉంది. కుదురుతుందా?

కుదురుతుంది, ఫ్రేమ్ మరీ వెడల్పుగా లేకపోతే. కానీ కళ్లద్దాలు హెడ్‌సెట్ లెన్సులకు రాసుకుంటే రెండింటికీ గీతలు పడతాయి, ఒక్కసారి పడ్డ గీత పోదు. మీ పవరుకు తగ్గట్టు హెడ్‌సెట్‌లోనే బిగించుకునే లెన్సులు దొరుకుతాయి. రోజూ వాడేవాళ్లకు ఆ ఖర్చు దండగ కాదు. చత్వారం ఉన్నవాళ్లకు ఒక చిన్న మెలిక. వీఆర్‌లో వస్తువు ముక్కు ముందు కనిపిస్తున్నా, కన్ను ఫోకస్ చేసేది మీటరుకు మించిన దూరానికి. అందుకే పేపరు చదివే అద్దాలు ఇక్కడ పెద్దగా పనికిరావు.

రెండు కంటిపాపల మధ్య దూరం కూడా చూసుకోండి. 3ఎస్‌లో మూడే మెట్లున్నాయి: 58, 63, 68 మిల్లీమీటర్లు. క్వెస్ట్ 3లో చక్రం తిప్పి సరిపెట్టుకోవచ్చు. మీ కళ్లజోడు షాపువాళ్లను అడిగితే ఆ కొలత చెప్తారు.

మా ఇల్లు చిన్నది. ఎంత చోటు కావాలి?

నిలబడి ఆడే గేమ్స్‌కి ఆరున్నర అడుగుల పొడవు, అంతే వెడల్పు ఖాళీ ఉంటే సుఖం. మంచానికీ బీరువాకీ మధ్య సందు సరిపోదు. కూర్చుని ఆడేవాటికి కుర్చీ పట్టే చోటు చాలు. నేల మీద మీరు గీసుకున్న హద్దు దాటబోతే గోడలాంటి వల కనిపించి హెచ్చరిస్తుంది.

పెద్ద చిక్కేమిటంటే ఆ హద్దుకు పైకప్పు తెలియదు. మన ఇళ్లలో నెత్తిన సీలింగ్ ఫ్యాన్ తిరుగుతుంటుంది! హద్దు గీసేటప్పుడు నేలనే చూస్తాం, పైన ఏముందో చూడం. పొడవైన మనిషి కంట్రోలర్ పట్టుకుని చెయ్యి పైకి విసిరితే, కిందికి వేలాడే ఫ్యాన్ అయితే రెక్కకు తగులుతుంది. ఎగిరితే చెప్పక్కర్లేదు. మా మేనల్లుడు బాణం వేయబోయి వీపు వెనక నుంచి ఒక్క లాగు లాగాడు. టంగుమని మోత, గది అవతల దివాన్ కింద కంట్రోలర్, వేళ్ల కణుపుల మీద ఎర్రగా చార. అదృష్టం బాగుండి ఫ్యాన్ ఒకటో నంబరులో ఉంది. ఆ రోజు నుంచి మా ఇంట్లో రూలు ఒకటే: హెడ్‌సెట్ పెట్టే ముందు సీలింగ్ ఫ్యాన్ ఆఫ్, టేబుల్ ఫ్యాన్ ఆన్. కంట్రోలర్ తాడు మణికట్టుకు వేసుకోవడం కూడా.

ఫ్యాన్ ఆపితే ఏప్రిల్, మే నెలల్లో ఉక్కపోతకు లెన్సులు ఆవిరి పట్టేస్తాయి. ఏసీ గది ఉంటే అందులోనే ఆడండి, లేకపోతే వేసవిలో తెల్లవారుజామున ఆడండి.

ఇంకొకటి. నేల మీద పాకే పసిపిల్లలుంటే వాళ్లు వేరే గదిలో ఉన్నప్పుడే ఆడాలి. మీకు వాళ్లు కనబడరు.

పిల్లలకు కొనివ్వొచ్చా?

మెటా పదేళ్లు నిండినవాళ్లను అనుమతిస్తోంది, పదమూడేళ్లలోపైతే తల్లిదండ్రుల అదుపులో ఉండే ఖాతాతోనే. సోనీ పన్నెండేళ్లలోపు వాళ్లు వాడకూడదంటోంది. ఆపిల్ పదమూడు అంటోంది. ఆరేళ్ల బుజ్జిగాడి పుట్టినరోజు కానుక గురించి అడిగిన పిన్నిగారికి అందుకే వద్దని చెప్పాను. పెద్దపిల్లలైనా ఒకసారికి ఇరవై నిమిషాలు, తర్వాత విరామం. ఆడుతున్నది టీవీలోకో ఫోన్‌లోకో కాస్ట్ చేయమనండి, వాళ్లేం చూస్తున్నారో మీకూ కనిపిస్తుంది. ముక్కూ మొహం తెలియనివాళ్లతో మాట్లాడే ఆటల విషయంలో ఇది తప్పనిసరి.

సినిమాలు చూడటానికి? ఇంట్లోనే ఐమ్యాక్స్ అంటున్నారు.

తెర పెద్దదే, పిక్సెళ్లు మాత్రం తక్కువ. కంటికి ఇచ్చిన పిక్సెళ్లన్నీ చూపు మొత్తానికి పంచాలి కదా, అందులో మీ సినిమా తెరకు దక్కేది కొంతే. ఇంట్లో మంచి 4కె టీవీ ఉంటే బొమ్మ అందులోనే తేటగా ఉంటుంది. పైగా మన ఇళ్లలో సినిమా అంటే ఒకరు పకోడీలు వేయిస్తూ, ఒకరు ముందే కథ చెప్పేస్తూ నలుగురు కలిసి చూసేది. దీంట్లో ఒక్కరే చూడాలి, పకోడీ ఎక్కడుందో వెతుక్కోవాలి. హాస్టల్లోనో పీజీ గదిలోనో ఒంటరిగా ఉండేవాళ్లకు మాత్రం బాగుంటుంది. సినిమా కోసమే కొనాలనుకుంటే నా సలహా టీవీ.

వ్యాయామానికి నిజంగా పనికొస్తుందా?

మా ఇంట్లో నిలిచింది దీనికోసమే కాబట్టి నేను పక్షపాతిని. బాక్సింగ్ గేమ్‌లో రెండు రౌండ్లు ఆడితే చొక్కా తడిసిపోతుంది, టైము తెలియదు. మా ఆవిడ ట్రెడ్‌మిల్ మీద పది నిమిషాలకే గడియారం చూసేది, ఇందులో అరగంటయ్యాక నేనే పిలవాలి. కాళ్లకు పని తక్కువ, భుజాలకు ఎక్కువ. మోకాళ్లు, మెడ నొప్పులున్నవాళ్లు డాక్టర్ని అడిగి మొదలుపెట్టండి. మెడ నొప్పి ఉన్నవాళ్లకు ముందున్న ఆ అర కిలో బరువే ఇబ్బంది.

ఆఫీసు పని చేసుకోవచ్చా?

చేసుకోవచ్చు, చుట్టూ మూడు తెరలు పెట్టుకుని. నేను రెండు రోజులు చేసి మానేశాను.

ఈ కంపెనీలు రేపు దీన్ని వదిలేస్తే? కొత్త మోడల్ వచ్చేదాకా ఆగనా?

ఆ భయం అర్థం లేనిదేం కాదు. ఫేస్‌బుక్ 2014లో వీఆర్ హెడ్‌సెట్లు చేసే ఆక్యులస్ కంపెనీని కొన్నప్పటి నుంచి ఈ రంగంలో డబ్బు పోస్తూనే ఉంది. ఒక్క 2024లోనే మెటాలో ఈ విభాగం నష్టం 17.7 బిలియన్ డాలర్లు. ఎంత పెద్ద కంపెనీ అయినా ఎల్లకాలం అలా పోయలేదు. 2019లో వచ్చిన మొదటి క్వెస్ట్‌కి ఐదేళ్లకే సెక్యూరిటీ అప్‌డేట్లు ఆపేశారు. దీన్ని ఫ్రిజ్‌లాగా పదిహేనేళ్లు వాడే వస్తువుగా లెక్కేయకండి, నాలుగైదేళ్ల ఫోన్‌లాగా లెక్కేయండి. మీరు పెట్టే డబ్బును అన్ని నెలలకు భాగించి, ఆ నెలఖర్చు మీరు వాడబోయే గంటలకు తగ్గట్టుందో లేదో చూడండి. ఉంటే ఆగక్కర్లేదు, ఎప్పుడు కొన్నా దాని వెనకే ఇంకోటి వస్తుంది.

సెకండ్ హ్యాండ్ తీసుకుంటే?

అటకెక్కిన సరుకు ఎక్కువ కాబట్టి కొత్తలా ఉన్నవి దొరుకుతాయి. నాకు తెలిసి చవకగా మొదలుపెట్టడానికి ఇదే మంచి దారి. కానీ ఫొటో చూసి డబ్బు పంపొద్దు, చేత్తో పట్టుకుని చూడాలి.

ముందు ఆన్ చేసి తెల్లటి బొమ్మ ఏదైనా పెట్టమనండి. పసుపుపచ్చ చుక్కలో, ఎప్పటికీ కదలని మచ్చలో కనిపిస్తే అది ఎండదెబ్బ. ఈ లెన్సులు భూతద్దాల్లాంటివి. కిటికీ పక్కన లెన్సులు పైకి పెట్టి వదిలేస్తే మన ఎండకు కాసేపట్లోనే లోపలి తెర కాలిపోతుంది, దానికి మరమ్మతు ఉండదు. బాల్కనీలో, డాబా మీద, కారు డ్యాష్‌బోర్డు మీద వాడిన హెడ్‌సెట్‌ని ముట్టుకోవద్దు. తర్వాత రెండు మీటలనూ వదిలేసి చూడండి, గేమ్‌లో మనిషి దానంతటదే జరుగుతుంటే కంట్రోలర్ పోయినట్టే. గదిలో నాలుగు అడుగులు నడవండి, బొమ్మ వణక్కూడదు. మైకులో మాట్లాడి వినండి. ఛార్జింగ్ పెట్టి శాతం పెరుగుతోందో లేదో చూడండి.

చివరగా, అమ్మేవాళ్ల ఖాతా అందులోంచి తీయించి, మీ ఎదురుగానే ఫ్యాక్టరీ రీసెట్ చేయించండి. మీ ఖాతాతో ఒకసారి లోపలికి వెళ్లి, గేమ్ ఒకటి డౌన్‌లోడ్ అయ్యాకే డబ్బు ఇవ్వండి. వాళ్లు కొన్న గేమ్స్ వాళ్ల ఖాతాలోనే ఉండిపోతాయి, "నలభై గేమ్స్‌తో సహా ఇస్తున్నా" అంటే ఆ నలభైకీ విడిగా ధర కట్టకండి.

మా ఇంట్లో ఉన్నదాన్ని అమ్ముతారా అని అడిగేవాళ్లకు: మా ఆవిడను అడగాలి.